తుఫాను వెంట పరుగు

ఉర్దూలో ‘తూఫాన్’, తెలుగులో ‘తుఫాను’. మా కళాశాలలో రెండు భాషలకూ ఉమ్మడియైన మాటలలో ఇది ఒకటి. అయితే కృష్ణాతీర వాసులకు ‘ఉప్పెన’ అనే మరొక మాట ఉన్నది. దాని బరువు వేరు.

నేటి మన విద్యార్థులు తుఫానులను వెంటాడే ఆటలను కంప్యూటర్లలో ఆడుతున్నారు. ఒక్కొక్కరు ఒక్కొక్క చోటనుండి జట్టుకట్టి, రాడారు తెర చూస్తూ, కారులో సుడిగాలిని తరుముతారు. ఆటకు అప్పుడప్పుడు కొత్త మెరుగులు వస్తాయి: మేఘాలకు సహజత్వం, రాడారుకు సూక్ష్మత, జట్టువారికి పరస్పర సమాచారం. ఈ ఉత్సాహాన్ని మేము నిందించము. ప్రకృతిని పరిశీలించాలనే కోరికే విజ్ఞానానికి తొలిమెట్టు గదా! కాని ఇట్టి మెరుగులకు మన డెల్టా ఎంత మూల్యం చెల్లించినదో చెప్పడం మా విధి.

1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచివేసింది. అధికార లెక్కల ప్రకారమే దాదాపు 10,000 మంది మరణించారు. తుఫాను సంగతి రేడియో చెప్పకపోలేదు. కాని సముద్రమే ఊళ్లమీదికి లేచి వస్తుందని సొర్లగొంది వంటి తీరగ్రామాల ప్రజలు ఊహించలేదు. తలదాచుకొనుటకు గట్టి కట్టడాలూ అరుదు.

1990 మే 9న మరొక భీకర తుఫాను కృష్ణా ముఖద్వారం చెంత తీరం దాటింది. అప్పటికి ఇన్సాట్ చిత్రాలు వచ్చినవి, తీరాన ఆశ్రయ భవనాలు లేచినవి. లక్షకు పైగా జనాన్ని ముందే తరలించారు. మృతుల సంఖ్య 1,000 లోపు. తదుపరి మచిలీపట్నంలో డాప్లర్ రాడారు వెలసింది. 2023 డిసెంబరు 5న మిచౌంగ్ బాపట్ల దగ్గర తీరం దాటినప్పుడు పంట నీటిపాలైనది గాని, ప్రాణనష్టం పూర్వంతో పోల్చదగినది కాదు.

ఇక లోపమేమీ లేదనుకొందామా? 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి, విజయవాడ సింగ్‌నగర్ ఇండ్లు రోజుల తరబడి నీటిలో నిలిచినవి. మా విద్యార్థులలో కొందరి పుస్తకాలు ఆ నీటిలోనే పోయినవి. భారీ వర్షమని అందరూ విన్నారు. తమ వీధికి ఎంత నీరు వచ్చునో ఎందరికి తెలిసినది?

ఆటలో కారు తలక్రిందులైతే మరల మొదలుపెట్టవచ్చు. ఉప్పెన రెండవ అవకాశమీయదు. కనుక రాడారు చిత్రం చదువనేర్చిన విద్యార్థికి మా మనవి ఒక్కటే: హెచ్చరిక వచ్చిననాడు, ఫోను లేని పొరుగింటి ముసలమ్మ తలుపు తట్టండి. జట్టుకట్టి ఆడుటలో నేర్చిన విద్యకు అంతకన్న సార్థకత లేదు.