రాత్రి హాజరు



రాత్రి హాజరు పిలిచేటప్పుడు మనం నవ్వుకుంటా "ఉండా సార్" అంటాం గదా. సంక్రాంతి సెలవుల్లో ఆ సంగతి ఇంట్లో చెప్తే మా జేజి నవ్వలేదు. "మా నాయన కూడా అట్నే అనేవోడు" అనింది.

మేము ఎరుకలోళ్లం. బ్రిటిష్ వాళ్లు 1871లో నేరస్థ తెగల చట్టం తెచ్చారు. 1911లో దాన్ని మార్చి మన మద్రాసు రాష్ట్రంలో కూడా అమలు చేశారు. ఏ తప్పూ చేయకపోయినా పుట్టిన కులాన్ని బట్టి దొంగలని పేర్లు రాసుకున్నారు, వేలిముద్రలు తీసుకున్నారు. కావలి వైపు కప్పరాళ్లతిప్పలో మావాళ్లకు సెటిల్‌మెంటు పెట్టారు. హాజరు పలకకపోతే శిక్ష. ఆ చట్టం మద్రాసు రాష్ట్రంలో 1947లో, దేశమంతటా 1952లో రద్దయింది. అయినా ఊళ్లో ఏదన్నా పోతే ఇప్పటికీ ముందు మా ఇంటివైపే చూస్తారు.

దీన్ని చిన్న సినిమాగా తీయాలనుకున్నాను. ఒకడికి ఖాకీ చొక్కా, లాఠీ ఇచ్చి ఇంకొకడిని కొట్టించాలని నా ఆలోచన. జేజి విని, "మా నాయన్ని మళ్లీ కొట్టిస్తావా?" అనింది. నాకు నోట మాట రాలేదు.

తెలుగు సారుతో చెప్తే, 1955లో అలెన్ రెనె తీసిన 'నైట్ అండ్ ఫాగ్' గురించి చెప్పారు. నాజీలు జనాన్ని చంపిన శిబిరాలను పదేళ్ల తర్వాత రంగుల్లో తీశాడంట. ఖాళీ కట్టడాలు, మొలిచిన గడ్డి. వాటి మధ్య పాత నలుపు తెలుపు బొమ్మలు పెట్టాడంట. ఖాళీ జాగా కూడా సాక్ష్యం చెప్తుందని అప్పుడు తెలిసింది.

అందుకని సారు ఫోనులో జేజి చేతులు మాత్రమే తీశాను. ఆమె ఈత బద్దలతో బుట్ట అల్లతా ఉంటుంది. వెనక హాజరు పిలుపు. పేరు పిలిచినప్పుడల్లా చేతులు ఆగుతాయి, "ఉండా" అన్నాక మళ్లీ కదులుతాయి. పిలిచే గొంతు మన వార్డెన్ సారుది. విన్నాక ఆయన, "నా గొంతు ఇట్టా ఉంటాదా రా?" అని అడిగి కాసేపు మాట్లాడలేదు. చివరి పేరు జేజి వాళ్ల నాయనది. దానికి జేజే పలికింది.

మొత్తం మూడు నిమిషాలు. శనివారం అన్నాలయ్యాక భోజనాల హాల్లో వేస్తాం, అందరూ రండి. మీ జేజిలు, తాతలు చెప్పిన ఇట్లాంటి సంగతులుంటే ఈ గోడపత్రికకు రాసివ్వండి.

– పదో తరగతి విద్యార్థి