శనివారాల సందడి

ఆగస్టు ఆఖరుకొచ్చిందంటే చాలు, ఆన్ ఆర్బర్‌లో ఎవరిని కదిపినా ఒకటే ప్రశ్న: ఈసారి మనవాళ్ళు ఎలా ఆడతారంటారు? మిషిగన్‌లోని ఈ కాలేజీ ఊళ్ళో ఫుట్‌బాల్ వినాయక చవితికి అటూ ఇటూగా మొదలై కార్తీక మాసం దాకా సాగుతుంది. అందుకే ఇక్కడి తెలుగిళ్ళలో బతుకమ్మకి హాలు మాట్లాడాలన్నా, దీపావళి విందుకి రోజు ఖాయం చెయ్యాలన్నా ముందు మ్యాచ్‌ల పట్టిక తియ్యాల్సిందే. పంచాంగం తర్వాతి సంగతి!

ఇక స్టేడియం. 1927లో కట్టారు. నేలలోకి తవ్వి కట్టడంతో రోడ్డు మీంచి చూస్తే ఇంతేనా అనిపిస్తుంది. గేటు దాటి కిందికి చూశాక నోట మాట రాదు. 1,07,601 మంది పడతారు. ఊరి జనాభాయే లక్షా ఇరవై వేల పైచిలుకు! 1975 నుంచి ఇక్కడ ఏ మ్యాచ్‌కీ లక్షకి తగ్గకుండా జనం వస్తున్నారు, 2020 కోవిడ్ ఏడాది తప్ప. గెలిచే ఏడూ అంతే, ఓడే ఏడూ అంతే. అభిమానమంటే అదీ.

అంత జనం కార్లెక్కడ పెడతారంటారా? గోల్ఫ్ మైదానంలో, హైస్కూలు ఆవరణలో, ఇళ్ళ ముందు పచ్చికలో. ఆ ఇళ్ళవాళ్ళు పొద్దున్నే అట్టముక్క మీద ధర రాసి నిలబడతారు. కారు ఆగీ ఆగగానే డిక్కీ తెరుచుకుంటుంది, పొయ్యి రాజుకుంటుంది. టెయిల్‌గేట్ అంటారు గానీ, ఉసిరి చెట్టు ఒక్కటి లేదన్నమాటే తప్ప అచ్చంగా వనభోజనాలే. పక్కవాళ్ళ బర్గర్లు మనకొస్తాయి, మన పులిహోర, చికెన్ 65 వాళ్ళకెళ్తాయి. ముందు ఖాళీ అయ్యేది ఏ గిన్నో చెప్పనక్కర్లేదుగా!

అన్నట్టు, ఈ ఏడు కొత్తగా వచ్చిన మన పిల్లలు క్రికెట్ కళ్ళతో చూసి తికమకపడుతున్నారు. సులువే బాబూ. నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు ముందుకెళ్ళాలి. వెళ్తే మళ్ళీ నాలుగు ప్రయత్నాలు, లేకపోతే బంతి అవతలి జట్టుది. గీత దాటించారా, టచ్‌డౌన్, ఆరు పాయింట్లు. ఆపైన బంతిని కర్రల మధ్యనుంచి తన్ని పంపితే ఇంకొకటి. మిగతాదంతా పక్క సీటు తాతగారు చెప్తారు, అడక్కపోయినా.

ఇక ఆటగాళ్ళ సంగతి. ఇప్పుడు కాలేజీ మారడం తేలికైంది కదా, నిరుడు మనకి ఆడిన కుర్రాడే ఈ ఏడు ఎదుటి జట్టు చొక్కాలో కనపడుతున్నాడు. పేర్లు గుర్తుపెట్టుకోవడం కష్టంగానే ఉంది గానీ, మైదానంలోకి పరిగెత్తుకొస్తూ నీలం బ్యానర్‌ని ఎగిరి తాకే ఆ క్షణంలో అందరూ మన పిల్లలే.

అన్నట్టు, కూజా కథ తెలుసా? ఇది మాత్రం తీరిగ్గా చెప్పుకోవాలి. 1903లో మన జట్టు మినెసోటాకి ఆటకెళ్ళి, అక్కడ నీళ్ళ కోసం ముప్పై సెంట్లు పెట్టి ఓ కూజా కొనుక్కుంది. ఆట 6-6తో సమమైంది. తిరుగు ప్రయాణం తొందరలో కూజా అక్కడే ఉండిపోయింది. వాళ్ళు దాన్ని భద్రంగా దాచి, దాని మీద స్కోరు రాసిపెట్టారు. కావాలంటే గెలిచి పట్టుకెళ్ళమన్నారు! 1909లో మనవాళ్ళు గెలిచి తెచ్చుకున్నారు. ఆనాటి నుంచి ఈ రెండు జట్లూ తలపడ్డప్పుడల్లా గెలిచినవాళ్ళ చంకలో ఆ కూజాయే. ఎన్ని వెండి కప్పులొచ్చినా దాని ముందు దిగదుడుపే అంటాను.

మామూలుగా అక్టోబరులో ఒక శనివారం ఆట ఉండదు. ఇంటి పెద్దలకి ఊపిరాడే రోజది. యాపిల్ తోటలకెళ్ళి వేడి సైడరు తాగి, పంచదార అద్దిన డోనట్లు తిని రావచ్చు. మేపుల్ చెట్లు ఎర్రబడి ఉంటాయి, ఇక ఫొటోల సంగతి అడగక్కర్లేదు.

ఇక నవంబరు ఆఖరి శనివారం. ఒహాయో స్టేట్‌తో ఆట. రెండు జట్ల మధ్య 1897 నుంచి నడుస్తున్న పంతం. ఒక ఏడాది ఇక్కడ, మరుసటి ఏడాది కొలంబస్‌లో. అన్నయ్య ఇక్కడా, బావమరిది అక్కడా ఉన్న ఇళ్ళలో ఆ వారమంతా ఫోన్లు తగ్గుతాయి. గురువారం థాంక్స్‌గివింగ్ విందులో కలిసి కూర్చున్నా మాటంతా పప్పూ చారూ గురించే. శనివారం రాత్రి మాత్రం గెలిచిన ఇంటినుంచే ముందు ఫోను వెళ్తుంది!

ఆ ఆట మామూలుగా మధ్యాహ్నం పన్నెండింటికే. చలి ఎముకలు కొరుకుతుంది. లోపల థర్మల్స్, రెండు జతల మేజోళ్ళు, ఫ్లాస్కు నిండా అల్లం టీ మర్చిపోకండి. మన గుంపు గోల్ఫ్ మైదానంలోనే, ఎప్పటి మూలే. బజ్జీలు వేడిగా కావాలంటే మాత్రం తొమ్మిదింటికల్లా వచ్చెయ్యండి.