రాత్రి తొమ్మిదికి చేనికాడికి రాప్పా

ఒకప్పుడు పులివెందుల పక్క ఎవరైనా "రాత్రి తొమ్మిదికి చేనికాడికి రాప్పా" అంటే ఇంకో మాట అడగకుండా బయల్దేరేవాళ్లు. త్రీఫేజ్ కరెంటు ఆ పొద్దుకు ఇస్తారు, మోటారు వేసి చీనీ (బత్తాయి) చెట్లకు నీళ్లు కట్టాలి, అంతే సంగతి. ఇప్పుడు అదే పిలుపు మాకు గురువారం గురువారం కువైట్ నుంచి వస్తుంది. పిలిచేవాడిది పులివెందుల. అక్కడ శుక్ర, శనివారాలు సెలవు కాబట్టి గురువారం సాయంత్రానికి వాడు తీరిక చేసుకుంటాడు. మనకు తొమ్మిదంటే వాడికి ఆరున్నర. ఇంకొకడిది జమ్మలమడుగు, బెంగళూరులో ఉద్యోగం. నేను ప్రొద్దుటూరులోనే ఉంటాను. ముగ్గురం కలిసేది స్టార్‌డ్యూ వ్యాలీ అనే ఆటలో, పులివెందుల వాడి చేనిలో.

ఆట తెలియనివాళ్ల కోసం నాలుగు మాటలు చెప్తాను. తాత వదిలిపోయిన చేను ఒకటి మన చేతికొస్తుంది. ఏళ్ల తరబడి పట్టించుకోక బీడు పడిపోయి ఉంటుంది. రాళ్లు ఏరి, చెట్లు కొట్టి, తవ్వి, విత్తి, నీళ్లు పోసి దాన్ని సాగులోకి తెచ్చుకోవాలి. అమెరికాలో ఎరిక్ బరోన్ అనే కుర్రాడు నాలుగేళ్లకు పైగా ఇంట్లో కూర్చొని బొమ్మలు, సంగీతం, కథ, కోడు అన్నీ తానొక్కడే చేసుకుని 2016 ఫిబ్రవరి 26న దీన్ని విడుదల చేశాడు. 2024 చివరికి అమ్ముడైన కాపీలు 4 కోట్లు దాటాయి. అతనికి దారి చూపింది 1996లో జపాన్‌లో వచ్చిన హార్వెస్ట్ మూన్. దాన్ని తయారుచేసిన యసుహిరో వాడా పల్లె పట్టున పెరిగి, టోక్యోకు బతుకుదెరువుకు వెళ్లినవాడు. వదిలొచ్చిన ఊరి విలువ పట్నంలో ఉండగా తెలిసొచ్చి ఆ ఆట కట్టాడు. ఇది తెలిశాక ఆ ఆటల మీద నాకు గౌరవం పెరిగింది. ఊరు విడిచినవాడు కట్టిన ఆట పిల్లలు వేసి ఇంత దూరం వచ్చింది, దాన్ని ఇప్పుడు ఊరు విడిచిన మావాళ్లు ఆడుకుంటున్నారు.

మన దగ్గర చాలామందికి కంప్యూటర్ సేద్యం రుచి చూపింది మాత్రం ఫామ్‌విల్. 2009 జూన్‌లో ఫేస్‌బుక్‌లో వచ్చింది, 2020 డిసెంబర్ 31న మూతబడింది. అందులో పక్క చేనివాడు మనం లేనప్పుడు వచ్చి ఎరువు చల్లి పోయేవాడు గానీ, ఇద్దరూ ఒకే వేళకు ఒకే చేనిలో నిలబడి పని చేసుకున్నది లేదు. స్టార్‌డ్యూలో 2018 ఆగస్టు నుంచి ఆ వసతి వచ్చింది. మా కబుర్లన్నీ ఆ వసతి పుణ్యమే.

చేరడం కష్టమేమీ కాదు. చేను గలాయన ముందు తన ఆట తెరవాలి. మనకని అక్కడ ఒక గది కట్టించి ఉంచాలి. ఊళ్లో రాబిన్ అని వడ్రంగి పనామె ఉంటుంది, 100 నాణేలు, కాస్త కలపో రాళ్లో ఇస్తే కట్టిపెడుతుంది. ఆయన పంపిన కోడ్‌ను మన ఆటలో కొడితే ఆ చేనిలోకి వెళ్లిపోతాం. అందరి దగ్గరా ఆట ఒకే వెర్షన్‌లో ఉండాలి. కంప్యూటర్ మీద ఆడేవాడు కంప్యూటర్ వాళ్లతోనే కలవగలడు, ప్లేస్టేషన్ ఉన్నవాడు ఇటు రాలేడు. ఫోన్‌లో వాట్సాప్ కాల్ పెట్టి స్పీకర్ మీద పక్కన ఉంచుకోండి. మాటలు లేకుండా ఈ ఆట కలిసి ఆడటంలో రుచి లేదు.

గుర్తుంచుకోవాల్సిన అసలు సంగతి ఇంకొకటి. ఆ చేనిలో మనం చేసింది, దాచింది, నేర్చింది, చివరికి మన మనిషి రూపంతో సహా అంతా చేను గలాయన కంప్యూటర్‌లోనే ఉంటుంది. ఆయన తెరిస్తేనే మనకు లోపలికి దారి. ఆయన మూసేస్తే అందరం బయటికే. దీన్ని లోటుగా చెప్పేవాళ్లున్నారు. నాకు మాత్రం ఆటకంతటికీ ప్రాణం ఇందులోనే ఉందనిపిస్తుంది. మా పక్క ముయ్యాళ్లుగా పోయేవాళ్లను చూసి పెరిగినవాణ్ణి కాబట్టేమో. ఈ పొద్దు నీ చేనికి మేమొస్తాం, ఎల్లుండి మా చేనికి మీరు రండి. కూలి లెక్క లేదు, పనికి పనే. కలుపు తీయడానికో శనక్కాయ పెరకడానికో అట్లా పోయినవాడు అక్కడి కాయ తనదనుకోడు, పని మాత్రం తన చేనిలో చేసినట్టే చేస్తాడు. గట్టు మీద కూర్చొని అన్నం తినేటప్పుడు చేను గలాయనకు సలహా చెప్తాడు, ఆయన వినకపోతే ఊరుకుంటాడు. స్నేహితుడి ఆటలోకి వెళ్లేవాడికి కావాల్సిన మర్యాదంతా ఇదే.

అడగకుండా పెట్టెలోది తీసి అమ్మొద్దు. ఇది ఎందుకు చెప్తున్నానంటే, పెట్టెలో ఒకే ఒక్క కాలీఫ్లవర్ ఉంటే కొత్తగా వచ్చినవాడికి అది మిగిలిపోయినట్టు కనిపిస్తుంది. ఊళ్లో శిథిలమైన కమ్యూనిటీ సెంటర్ ఒకటి ఉంది, దాన్ని నిలబెట్టడానికి వసంతకాలం పంటలు నాలుగు, అంటే పార్స్‌నిప్ దుంప, చిక్కుడు, ఆలుగడ్డ, కాలీఫ్లవర్, ఒక్కొక్కటి సమర్పించాలి. దాని కోసం చేను గలాయన దాచి ఉంటాడు. అది అమ్ముడైపోతే మళ్లీ వసంతం వచ్చేదాకా ఆగాల్సి రావచ్చు. చెట్టు నరకడమైనా, గొడ్డలికి పదును పెట్టించడమైనా ఒక మాట చెప్పి చేయాలి. చెప్పడానికే కదా పక్కన ఫోన్ ఉంది!

డబ్బు దగ్గర ఇంకా జాగ్రత్త కావాలి. ఆట మొదట్లో పెట్టే పద్ధతిలో అందరికీ ఒకే సంచి, ఎవరు తీసినా అందులోంచే పోతుంది. ఎవరిది వారికి వేరుగా పెట్టుకునే వీలు తర్వాత ఇచ్చారు గానీ మేం ఉమ్మడిగానే ఉంచుకున్నాం. మొదటి వసంతంలో 13వ తేదీన గుడ్ల పండగ వస్తుంది. ఆ ఒక్క పూటే స్ట్రాబెర్రీ విత్తనాలు అమ్ముతారు, ఒక్కోటి 100 నాణేలు. వాటికోసమని పులివెందుల వాడు పైసా పైసా కూడబెడుతున్నాడు. పండగ ఇంకో రెండు దినాలుందనగా జమ్మలమడుగు వాడు అంగడికి పోయి 2,000 పెట్టి భుజం సంచి పెద్దది కొన్నాడు.

"లెక్కంతా సంచికి పెడ్తివి గదరా, ఇత్తనాలకు ఏం జేద్దాం?"

"గనికి పోవల్లంటే సంచి ఉండల్ల గదప్పా! రాళ్లు యాడ ఏసుకోవల్ల?"

వాడి మాటా తీసేసేది కాదు. గనిలో రాగి, ఇనుము తవ్వుకొస్తే తప్ప పనిముట్లు బాగుపడవు. జమ్మలమడుగు వాడు, ఎర్రగుంట్ల పక్క నాపరాళ్ల గనులు, గండికోట బండలు చూస్తూ పెరిగినవాడు, ఏ ఆటలోకి పోయినా ముందు రాళ్ల దగ్గరికే పోతాడు. రెండు దినాలు ముగ్గురం ఏటి ఒడ్డున గాలాలు వేసి చేపలు పట్టి అమ్మి కొంత పూడ్చాం.

పండగ నాటి పని మీకు దగ్గరగా చూపించాలని ఉంది. పండగలోకి అందరూ ఒక్కసారే అడుగు పెట్టాలి, ఒకడు రాకపోతే మిగతావాళ్లు గుమ్మం దగ్గర కాచుకోవాల్సిందే. విత్తనాలు కొని బయటికొచ్చేసరికి ఆటలో రాత్రి పది. రెండు గంటలకల్లా పడుకోకపోతే మనిషి సొమ్మసిల్లి పడిపోతాడు. ఆటలో పది నిమిషాలు మన ఏడు సెకన్లు. లెక్కేస్తే చేతిలో ఉన్నది మూడు నిమిషాల కన్నా తక్కువ. ఆ రాత్రే నాటి తడిపితే ఎనిమిది దినాలకు 21న ఒక కోత, 25న ఇంకో కోత దక్కుతుంది. నెల 28 దినాలే, కాబట్టి మూడో కోతకు చోటు లేదు. జమ్మలమడుగు వాడు పార పట్టుకుని ముందు తవ్వుకుంటూ పోయాడు. వాడి వెనక నేను గింజలు పెట్టుకుంటూ వచ్చాను. నా వెనక పులివెందుల వాడు నీళ్ల డబ్బాతో. డబ్బా ఖాళీ అయినప్పుడల్లా చెరువు దాకా పరుగు. "ఆ మూల రెండు తడవల్యా, సూడు, సూడు!" అని ఫోన్‌లో కేకలు. ఒంటి గంట దాటాక ఆఖరి మడి తడిసింది. తవ్వేవాడు, విత్తేవాడు, తడిపేవాడు ఎవరూ అనుకోకుండానే ఆ వరసలో నిలబడ్డాం. ముగ్గురి నాయన్లూ సేద్యగాళ్లే కదా మరి.

అందరూ పడుకుంటేనే ఆటలో తెల్లవారుతుంది, ఆ పనంతా సేవ్ అవుతుంది. తెలతెలవారి ఆరు నుంచి అర్ధరాత్రి రెండు దాకా మన గడియారంలో దాదాపు 14 నిమిషాలు. ఒక్కరు ఏదో మెనూ తెరుచుకుని కూర్చున్నంత మాత్రాన మిగతావాళ్లకు పొద్దు ఆగదు. ఒకడు మంచమెక్కి, ఇద్దరు ఇంకా బయట తిరుగుతుంటే మంచమ్మీదున్నవాడు కాచుకోవాలి. మా అసలు కబుర్లు నడిచేది ఆ కాచుకునే సమయంలోనే. ఎవరి అమ్మకు మోకాళ్లు ఎట్లున్నాయి, ప్రొద్దుటూరులో బంగారం ఏం పలుకుతోంది, కువైట్‌లో ఎండ ఎంత, బెంగళూరులో ఇంటి బాడుగ ఎంత పెంచారు. ఊరికే ఫోన్ చేస్తే రెండు నిమిషాల్లో అయిపోయే మాటలు, చేతికి పని ఉంటే గంటలు సాగుతాయి. చేను గలాయన ఇంట్లో కరెంటు పోయిందా, ఆ నాటి పనంతా పోయినట్టే. అందుకే ఇన్వర్టర్ ఉన్నవాడి చేనే పెట్టుకోవడం మేలు.

ఈ ఆట రైతు మీద చూపే దయ గురించి చెప్పకపోతే నా మనసు ఊరుకోదు. ఇందులో ఒకనాడు నీళ్లు పెట్టకపోతే పైరు చావదు, ఆనాటికి పెరగకుండా ఆగుతుంది, అంతే. టీవీ పెడితే రేపు వానో కాదో చెప్తుంది, చెప్పింది చెప్పినట్టు జరుగుతుంది. రాత్రి అమ్మకం పెట్టెలో వేసిన పంటకు తెల్లారేసరికి మొదటి నుంచీ ఉన్న ధరే వస్తుంది. పులివెందుల చుట్టుపక్కల బోర్లు ఎండినప్పుడు ట్యాంకర్లతో నీళ్లు తోలి చీనీ చెట్లను బతికించుకున్న ఇళ్లలో పుట్టినవాళ్లకు ఇది వింతగా ఉంటుంది. 26.85 టీఎంసీల గండికోట జలాశయం నుంచి ఎత్తిపోసిన నీళ్లు పైడిపాళేనికి, చిత్రావతి బ్యాలెన్సింగ్ రిజర్వాయర్‌కు చేరడం మొదలయ్యాక కొంత ఊరట వచ్చింది గానీ, మార్కెట్‌లో చీనీ టన్ను ఏం పలుకుతుందో ముందు రోజు చెప్పగలిగినవాడు ఇప్పటికీ లేడు. మా నాయనకు ఈ ఆట చూపించినప్పుడు చాలాసేపు చూసి, "ధర మారదా?" అని అదొక్కటే అడిగాడు. మారదని చెప్పాను.

పులివెందుల వాడు మాత్రం నీళ్ల సంగతి దేవుడికి వదిలే రకం కాదు. గనిలోంచి ఇనుము, బంగారం రాగానే వాటికి శుద్ధి చేసిన స్ఫటికం కలిపి స్ప్రింక్లర్లు చేస్తాడు. ఒక్కోటి చుట్టూ ఎనిమిది గళ్లు తడుపుతుంది, కాబట్టి మూడు గళ్ల చదరాలుగా చేనంతా కొలిచి గీసుకున్నాడు. 2003లో రాష్ట్రంలో సూక్ష్మ సేద్యం పథకం వచ్చాక వాళ్ల చేనిలో డ్రిప్ పైపులు పరిచినప్పుడు చిన్నపిల్లవాడు, పైపు చివర మూతలు పెట్టే పని వాడిదేనట. ఇక్కడ ఒక గడి వృథా అయినా ఒప్పుకోడు. నేను అందం కోసమని మధ్యలో పూలమొక్క పెడితే మారు మాట్లాడకుండా పెరికి గట్టు మీద నాటాడు. చేను వాడిది, నేనేమీ అనలేదు.

ట్రాక్టర్లు, హార్వెస్టర్లు ఇష్టమైనవాళ్లకు ఫార్మింగ్ సిమ్యులేటర్ ఉంది. స్విట్జర్లాండ్ వాళ్లది, 2008 నుంచి వస్తోంది. 2024 నవంబర్‌లో వచ్చిన దాంట్లో వరి మడులు, బర్రెలు కూడా పెట్టారు. బర్రెల కోసమే నేనొకసారి ఆడాలి. చేతిలో ఫోన్ మాత్రమే ఉన్నవాళ్లకు 2012 నాటి హే డే చాలు. అందులో ముప్పైమంది దాకా ఒక ఇరుగుపొరుగుగా చేరి ఒకరి పడవ ఒకరు నింపుకోవచ్చు, గోధుమ రెండు నిమిషాల్లో కోతకొస్తుంది. మా అక్క, ఆమె ఆడబిడ్డలు అందులో ఉన్నారు.

మాకు ఇప్పుడు కొత్త చేను మొదలుపెట్టే ఆలోచన ఉంది. కొత్తది తెరిచేటప్పుడు పంటకు వచ్చే రాబడి నూటికి నూరు ఉంచుకోవచ్చు, డెబ్బై అయిదుకో యాభైకో ఇరవై అయిదుకో తగ్గించుకోవచ్చు. ముగ్గురు నలుగురు చేరితే పని తేలికైపోతుందని ఆ ఏర్పాటు. పులివెందుల వాడు ఇరవై అయిదే పెడదామంటున్నాడు, కష్టపడి నిలబెట్టుకుంటేనే చేను మనదనిపిస్తుందని వాడి వాదన. జమ్మలమడుగు వాడు ఒప్పుకోవడం లేదు.

"ఇంటికాడా గిట్టుబాటు ల్యాకపాయ, ఆటలో గూడా ల్యాకుంటే ఎట్టప్పా? నూరు పెట్టు, నేను మూడు పూటలా గనిలోనే ఉంటా."

నేను డెబ్బై అయిదు దగ్గర ఇద్దరికీ రాజీ కుదర్చాలని చూస్తున్నాను. ఈసారి చేను నా కంప్యూటర్‌లో పెడుతున్నాం, ఇన్వర్టర్‌కు కొత్త బ్యాటరీ వేయించాను. వాళ్లిద్దరి గదులతో పాటు మూడోది కూడా కట్టించి ఖాళీగా ఉంచుతున్నాను, డాలస్‌లో ఉన్న మైదుకూరు వాడు వాడికి పొద్దున పూట వస్తానన్నాడు.