సత్రపట్టి తోటలో మూడు తెల్ల కుక్కలు

బ్యాంకు ఉద్యోగంలో బదిలీ అంటే ఇంటిల్లిపాదికీ బెంగే. అయితే మదురై బదిలీ నాకొక మేలు చేసింది. మన మాట ఎంత దూరం నడిచి వెళ్ళిందో కళ్ళారా చూశాను.

రాజపాళయం పేరు మీలో చాలామంది వినే ఉంటారు. ఏనాడో దక్షిణాదికి తరలివచ్చిన తెలుగు రాజుల ఊరది. 1949 నుండి 1952 వరకు మద్రాసు ప్రభుత్వాన్ని నడిపిన పి.ఎస్. కుమారస్వామి రాజా గారిది ఆ ఊరే. పొరుగునే శ్రీవిల్లిపుత్తూరు. అక్కడి గోదాదేవి కథనే రాయలవారు ఆముక్తమాల్యదగా చెప్పారు. ఆ చుట్టుపక్కలదే సత్రపట్టి. వీధిలో అడుగు పెడితే మరమగ్గాల చప్పుడు. ఆసుపత్రుల్లో గాయాలకు కట్టే పలుచని గుడ్డ ఇక్కడ నేస్తారు.

ఊరి బయట నా సహోద్యోగి మామగారికి కొబ్బరితోట ఉంది. తోటకు కాపలా మూడు రాజపాళయం కుక్కలు. పాలలాంటి ఒళ్ళు, గులాబీ రంగు ముక్కు. 2005లో తపాలా శాఖ ఈ జాతి బొమ్మతో స్టాంపు కూడా వేసింది. పూర్వం అడవిపందుల వేటకు పెంచేవారు. 1972 వన్యప్రాణి చట్టం వచ్చాక ఆ పని పోయింది. పరుగు మాత్రం కాళ్ళలో అలాగే ఉండిపోయింది.

అమెరికాలో ఉన్న మనవడు ఫోనులో ఒక ఆట చెప్పాడట. పేరు డాక్ డైవింగ్. 1997లో అక్కడ పోటీగా మొదలైంది. నలభై అడుగుల చెక్క వేదిక, రెండడుగుల కింద నీళ్ళు. బొమ్మ విసిరితే కుక్క పరుగెత్తి దూకుతుంది. తోక మొదలు నీటిని తాకిన చోటికి దూరం కొలుస్తారు. పెద్దాయన తోటలోని నీటికుంట ఒడ్డున పలకలతో చిన్న వేదిక కట్టించారు. ఎక్కి రావడానికి అవతల వాలుగా గట్టు చేయించారు.

"మొదటిరోజు మూడింటినీ ఒకేసారి వదిలానండీ, అదే నా తప్పు" అన్నారాయన. ఒకటి మరొకదాని వీపు మీద పడింది. కిందపడ్డది పదిరోజులు నీళ్ళ దరికి రాలేదు. దాన్ని తోసెయ్యలేదు, వాలుగట్టు మీద మోకాలిలోతు నీళ్ళలో తాను నిలబడి, మళ్ళీ అలవాటు చేశారు. అప్పటినుంచి వరుస పద్ధతి. ఒకటి దూకుతుంటే రెండు చెట్టునీడన కట్టి ఉంటాయి. చూడటం కూడా పాఠమే. నాలుగైదు దూకుళ్ళు కాగానే విశ్రాంతి.

మూడోదానికి పుట్టు చెవుడు. ఈ తెల్లజాతిలో అది అరుదు కాదు. "చెవిటిపిల్లను ఎవరు కొంటారు? వదిలెయ్యమన్నారు. మనసొప్పలేదు" అన్నారు. మిగతా రెండింటికీ "ఆగు", "దూకు" అని తెలుగులోనే ఆజ్ఞ. దీనికి మాత్రం ఎదురుగా వంగి, అరచెయ్యి చూపి ఆపి, చెయ్యి చాచి పంపారు. అది ఆయన ముఖంలోంచి చూపు తిప్పలేదు. చెయ్యి కదిలీ కదలకముందే గాలిలో ఉంది!

మా ఇంట్లో మనవలు తెలుగులో బదులివ్వరని నేను వెనకనుంచి కేకలు వేయడమే గానీ, ఎదురుగా కూర్చుని మాట్లాడింది ఎన్నిసార్లు? లెక్క వేస్తే ఖాతా నిల్వ తక్కువే.

వచ్చేటప్పుడు మన పత్రిక చేతికిచ్చాను. ఆయన అటూ ఇటూ తిప్పి చూసి తిరిగిచ్చారు. "మాట్లాడతామండీ, చదువు మాత్రం అరవంలోనే. మీరే చదివి వినిపించండి" అన్నారు.

బస్సు పోతే పోయిందని కొబ్బరిచెట్టు కింద కూర్చుని ఒక కథంతా చదివాను. తడి ఒంటితో ఆ చెవిటి కుక్క కూడా వచ్చి, నా ముఖంలోకే చూస్తూ కూర్చుంది.