287 నుంచి 113 దాకా

సన్‌రైజర్స్ హైదరాబాద్ 2024 సీజన్ అనగానే మన క్యాంటీన్‌లో ఎవరైనా మొదట చెప్పేది 287 గురించే. నా లెక్కలో మాత్రం ఆ సీజన్ మొదలైంది మార్చిలో కాదు, 2023 డిసెంబర్ 19న, దుబాయ్‌లో. ఆ రోజు కోకా కోలా అరీనాలో ఐపీఎల్ వేలం జరిగింది. హైదరాబాద్ వాళ్లు పాట్ కమిన్స్‌ని 20.50 కోట్లకు కొన్నారు. ఐపీఎల్‌లో ఇదే అతిపెద్ద ధర అని టీవీలో చెప్పి ఎంతోసేపు కాలేదు, కోల్‌కతా వాళ్లు మిచెల్ స్టార్క్‌ని 24.75 కోట్లకు కొనేశారు. ఈ రెండో పేరు కొంచెం గుర్తుపెట్టుకోండి. మే నెలలో పనికొస్తుంది.

మా బాపు ఉండేది కూడా దుబాయ్‌లోనే. బిల్డింగులకు సెంట్రింగ్ కొట్టే పని. నేను నాలుగో తరగతిలో ఉన్నప్పుడు పోయిండు. రెండేళ్లకోసారి రెండు నెలల సెలవు మీద దోమకొండ వస్తాడు, పోతాడు. మా ఊళ్లో ఇదేం వింత కాదు. గల్లీకి ఇద్దరు ముగ్గురు గల్ఫ్‌లోనే ఉంటారు. వేలం సంగతి చెప్తే బాపు నవ్విండు. "నేనుండే కాడనే గంత పెద్ద బజారు పెట్టిర్రా? నన్ను పిలువకపాయిరి."

అప్పటిదాకా మా ఇద్దరి మాటలు మూడే మూడు. తిన్నవా, సదువుతున్నవా, పైసలు వచ్చినయా. దుబాయ్‌లో వాట్సాప్ కాల్ కలవదు. వేరే యాప్‌లో చేస్తే సగం మాట వినపడదు, సగం ఆగిపోతుంది. అందుకని వాట్సాప్‌లో వాయిస్ మెసేజులు పంపుకునేవాళ్లం. వాయిస్ మెసేజ్‌తో ఒక చిక్కుంది. చెప్పడానికి విషయం లేకపోతే అది ఆరు సెకన్లలో అయిపోతుంది.

ఆ మార్చిలో విషయం దొరికింది.

ముందు సంవత్సరం ఇదే జట్టు 14 మ్యాచుల్లో 4 గెలిచి అట్టడుగున నిలిచింది. అందుకే ఎవరికీ ఆశ లేదు. పైగా కొన్నవాళ్లలో ట్రావిస్ హెడ్ ఉన్నాడు. నవంబర్ 19న అహ్మదాబాద్‌లో 137 కొట్టి మన చేతిలో ఉన్న వరల్డ్ కప్ ఎత్తుకుపోయినవాడు. మా గల్లీ అంతా తిట్టినవాడు. నాలుగు నెలలకే వాడు మావాడయ్యాడు! మనుషులం ఎంత తొందరగా మారుతామో చూడాలంటే ఐపీఎల్ చూడాలి.

మార్చి 27న ఉప్పల్‌లో ముంబై మీద 277. అంతకుముందు ఐపీఎల్ రికార్డు 2013లో బెంగళూరు కొట్టిన 263. హెడ్ 24 బంతుల్లో 62, అభిషేక్ శర్మ 23 బంతుల్లో 63, క్లాసెన్ 34 బంతుల్లో 80 నాటౌట్. అటువైపు ముంబై కూడా 246 దాకా వచ్చింది. వాళ్ల తరఫున 64 కొట్టిన తిలక్ వర్మ మన హైదరాబాద్ పిల్లగాడే. సిరాజ్ బెంగళూరుకు ఆడుతుండె. మన పిల్లలేమో అటు, ఆస్ట్రేలియా వాళ్లేమో ఇటు. విశాఖ నుంచి వచ్చిన నితీశ్ కుమార్ రెడ్డి ఒక్కడే మా నాయినమ్మకు అర్థమయ్యే పేరు.

అక్కడ మ్యాచ్ మొదలయ్యేసరికి సాయంత్రం ఆరు. బాపు అప్పుడే డ్యూటీ దిగి క్యాంప్‌కు వచ్చి, వంట వరుసలో నిలబడతాడు. పొద్దున నాలుగింటికి లేవాలి కాబట్టి తొమ్మిదికల్లా పడుకుంటాడు. మ్యాచ్ చూసే తీరిక లేదు. అందుకని నేనే మ్యాచ్ చెప్పేదాన్ని. ఓవర్ అయిపోగానే ఒక మెసేజ్. పొద్దున కంపెనీ బస్సులో చెవుల పెట్టుకొని వరుసగా వింటుండె. పక్క సీటు జగిత్యాలాయన కూడా వింటుండెనట. "స్కోరు ఒక్కటే చెప్పకు బిడ్డా, బంతి యాడికి పోయిందో చెప్పు" అన్నడు ఒకరోజు. అప్పటినుంచి లాంగాన్, మిడ్‌వికెట్ అన్నీ నేర్చుకోవాల్సి వచ్చింది. ఇంటర్ ఫిజిక్స్ కన్నా అదే తొందరగా వచ్చింది.

అమ్మ పక్కనే చాట ఒళ్లో పెట్టుకొని బీడీలు చుట్టేది. తునికాకు కత్తిరించుడు, తంబాకు పోసుడు, చుట్టుడు, దారం కట్టుడు. తల ఎత్తితే లెక్క తప్పుతుందని టీవీ చూడదు, వింటది. ఏప్రిల్ 20న ఢిల్లీలో పవర్ ప్లే ఆరు ఓవర్లకు 125 పరుగులు, ఒక్క వికెట్ పడలేదు. టీ20ల్లో ఎవరూ ఎక్కడా పవర్ ప్లేలో అన్ని కొట్టలేదు. ఆ రోజు మాత్రం అమ్మ కత్తెర పక్కన పెట్టి చూసింది. "గీళ్లకు సావుభయం లేదా?" అన్నది. ఆ జట్టు గురించి నేను చదివిన విశ్లేషణలన్నిటిలో అంతకన్నా మంచి మాట లేదు.

దానికి ఐదు రోజుల ముందు, ఏప్రిల్ 15న, బెంగళూరులో 287 కొట్టారు. హెడ్ 39 బంతుల్లో సెంచరీ. తమ 277 రికార్డును మూడు వారాలు తిరక్కుండానే తామే దాటేశారు. ఆ రాత్రి ఇరవై ఓవర్లకు ఇరవై మెసేజులు పంపిన. తెల్లారి ఒక్కదానికీ రెండు టిక్కులు పడలేదు.

ఏప్రిల్ 16న దుబాయ్‌లో వాన. 1949లో అక్కడ లెక్కలు రాయడం మొదలుపెట్టిన తర్వాత అంత వాన ఎన్నడూ పడలేదట. టీవీలో ఎయిర్‌పోర్ట్ రన్‌వే మీద నీళ్లు, నీళ్లలో విమానాలు, మునిగిన కార్లు. అమ్మ ఆ రోజు బీడీలు ముట్టలేదు. నాయినమ్మ గడికోటలో మహాదేవునికి దండం పెట్టి వచ్చింది. ఊళ్లో గల్ఫ్ మనుషులున్న ఇళ్లన్నీ తిరిగినం. ఒకరికి ఫోన్ కలిసింది, క్యాంప్‌లోకి నీళ్లు వచ్చినయట, కరెంట్ లేదట, అంతే. రెండో రోజు కూడా ఒక్క టిక్కే. ఫోన్ చేతిలో పట్టుకొని ఇరవై మెసేజుల పక్కన ఇరవై ఒంటి టిక్కులు చూస్తూ కూర్చోవడం ఎట్లుంటదో నేను రాయలేను.

మూడో రోజు పొద్దున అన్నీ ఒక్కసారే నీలం అయినయి. తర్వాత బాపు మెసేజ్. "నేను మంచిగున్న. నీళ్లు మోకాళ్ల దాకా వచ్చినయి. మంచం మీద మంచం ఎక్కించుకొని కూసున్నం. ఫోన్ల చార్జింగ్ లేకుండె. అమ్మకు జెప్పు." కొంచెం ఆగి, "అవునే, రెండొందల ఎనభై ఏడా? సరిగ్గనే జెప్పినవా?"

అమ్మ ఏడ్చింది, తర్వాత తిట్టింది.

మే నెలకొస్తే, 8వ తారీఖు మ్యాచ్ నాకు జట్టు చేసిన మేలు అనుకుంటాను. తెల్లారి నిజామాబాద్‌లో నాకు ఎప్‌సెట్. ఆ రాత్రి లక్నో ఇచ్చిన 166ను 9.4 ఓవర్లలో వికెట్ పడకుండా కొట్టేశారు. హెడ్ 89, అభిషేక్ 75. నేను తొందరగా పడుకున్న. 16న ఉప్పల్‌లో గుజరాత్‌తో మ్యాచ్ ఒక్క బంతి పడకుండానే వానకు పోయింది, చెరో పాయింట్ ఇచ్చారు. అప్పటికి మా యాసంగి వడ్లు కొనుగోలు కేంద్రం దగ్గర టార్పాలిన్ కింద ఉన్నయి. నాయినమ్మ అడిగింది, "వాన పడితే బంతాటోళ్లకు పాయింట్ ఇస్తరా? మరి వడ్లోళ్లకు?" 18న నా రిజల్ట్ వచ్చింది. గొప్ప ర్యాంకు కాదు, చెడ్డదీ కాదు, కంప్యూటర్ సైన్స్ వస్తదో రాదో అన్నట్టుంది. 19న పంజాబ్ మీద గెలిచి, అదే రాత్రి గువాహటిలో రాజస్థాన్ మ్యాచ్ వానలో కొట్టుకుపోవడంతో, రన్ రేట్ మీద రెండో స్థానం. 8 గెలుపులు, 5 ఓటములు, 17 పాయింట్లు. ఆ ఏడాది వాన మమ్మల్ని ఏడిపించింది, నవ్వించింది కూడా.

ఇక స్టార్క్ దగ్గరికి వద్దాం. మే 21న అహ్మదాబాద్‌లో మొదటి క్వాలిఫయర్. స్టార్క్ వేసిన రెండో బంతికే హెడ్ బౌల్డ్. నవంబర్‌లో ఇదే ఊళ్లో ఒక్క జట్టుగా కప్పు గెలిచినవాళ్లు! 159కి ఆలౌట్. 55 కొట్టిన రాహుల్ త్రిపాఠి రనౌట్ అయి, డ్రెస్సింగ్ రూమ్‌కు పోకుండా మెట్ల మీద కూర్చుండిపోయాడు. కోల్‌కతా 13.4 ఓవర్లలో కొట్టేసింది. 24న చెన్నైలో రాజస్థాన్ మీద గెలిచింది మాత్రం బ్యాటింగ్‌తో కాదు, స్పిన్‌తో. షాబాజ్ అహ్మద్ 3, అభిషేక్ 2 వికెట్లు. అంటే ఈ జట్టుకు వేరే తీరుగా గెలవడం కూడా వచ్చు. అందుకే మళ్లీ ఆశ పుట్టింది.

26న ఫైనల్. కమిన్స్ టాస్ గెలిచి బ్యాటింగ్ తీసుకున్నాడు. మొదటి ఓవర్ ఐదో బంతి, స్టార్క్, మిడిల్ నుంచి కొంచెం బయటికి తిరిగి అభిషేక్ ఆఫ్‌స్టంప్ పైభాగాన్ని తాకింది. ఆ బంతికి ఎవరైనా ఔటే. రెండో ఓవర్లో వైభవ్ అరోరా, హెడ్ మొదటి బంతికే డకౌట్. 21కి 3. 18.3 ఓవర్లలో 113 ఆలౌట్, ఐపీఎల్ ఫైనళ్లలో అంత తక్కువ ఎవరూ చేయలేదు. ఎక్కువ కొట్టింది ఎనిమిదో నంబరొడు కాకపోయినా అటుఇటుగా అంతే, కెప్టెన్ కమిన్స్, 24. కోల్‌కతాకు 10.3 ఓవర్లు చాలు. కావ్య మారన్ వెనక్కి తిరిగి కళ్లు తుడుచుకోవడం అందరూ చూశారు.

ఆ తర్వాత వారం రోజులు మీమ్స్. బుర్రలేని బ్యాటింగ్ అన్నారు. నేను ఒప్పుకోను. మొన్న ప్రాబబిలిటీ క్లాసులో వేరియన్స్ చెప్తుంటే నాకు ఈ జట్టే కనిపించింది. సగటు పెంచుకోవాలంటే వీళ్లకు దొరికిన దారి వేరియన్స్ కూడా పెంచుకోవడమే. పద్నాలుగు మ్యాచుల్లో ఆ సగటు మనల్ని కాపాడుతుంది. ఒక్క రాత్రి ఆటలో కాపాడదు. 287 కొట్టిన చెయ్యి, 113 కొట్టిన చెయ్యి ఒక్కటే. మొదటిది కావాలి, రెండోది వద్దు అంటే కుదరదు. 2023లో లాగా భయపడుతూ ఆడి ఉంటే ఫైనల్ దాకా వచ్చేవాళ్లే కాదు. అయినా ఒకటి ఒప్పుకోవాలి: 21కి 3 ఉన్నప్పుడు ఒక్కడైనా పది ఓవర్లు నిలబడితే చూడాలనిపించింది.

ఆ రాత్రి నేను మూడు మెసేజులే పంపిన. మూడోది నాలుగు సెకన్లు. "అయిపోయింది బాపు." సీజన్‌తో పాటు మా మాటలు కూడా అయిపోయినయనే నాకు ఎక్కువ బాధ. కప్పు పోతే మళ్లీ ఏడాది వస్తుంది. మళ్లీ తిన్నవా, సదువుతున్నవా, పైసలు వచ్చినయా అయితే?

పొద్దున జవాబు వచ్చింది. వెనక బస్సు చప్పుడు. "విన్న. జగిత్యాలాయన గూడ విన్నడు, బాగ ఫీలయిండు. స్టార్క్‌గాడు ఏసిన బంతి ఎట్ల తిరిగిందో నువ్వు జెప్పనే లేదు." సెలవు సంగతి కూడా చెప్పిండు. జూన్‌లో రావాల్సింది, కంపెనీలో ఈసారి ఇయ్యరట. కాలేజీలో చేర్పించడానికి అమ్మే వస్తదని, సర్టిఫికెట్లన్నీ రెండు రెండు జిరాక్స్ తీసి పెట్టుకొమ్మని చెప్పిండు.

నేను ఆ బంతి గురించి రెండు నిమిషాలు చెప్పి పంపిన.

పది రోజులు ఏం లేదు. జూన్ 5 పొద్దున ఇంకో మెసేజ్. అమెరికాలో టీ20 వరల్డ్ కప్ మొదలైందని బస్సులో ఎవరో చెప్పారట. "ఇయ్యాల మనోళ్లకు ఐర్లాండ్‌తోని ఉన్నదంట గదా. ఎన్నింటికి? గాళ్లు గట్టిగ ఆడుతరా? జగిత్యాలాయన అడుగుతుండు."