ఆ గొంతు బేబీ నాజ్‌ది

'హిమ్మత్‌వాలా' చూశారా? మన 'ఊరుకి మొనగాడు'నే రాఘవేంద్రరావు గారు 1983లో హిందీలో తీస్తే, ఉత్తరాదిలో శ్రీదేవి పేరు మారుమోగిపోయింది. అందులో శ్రీదేవి గలగలా హిందీ మాట్లాడేస్తుంటే ముచ్చటేస్తుంది కదూ! ఆ గొంతు ఆమెది కాదండీ. అప్పటికింకా ఆమెకి హిందీ అంతగా పట్టుబడలేదు. మైకు ముందు నిలబడి ఆ మాటలు పలికింది నాజ్. ఒకప్పటి బేబీ నాజ్. ఇవాళ ఆవిడ కబుర్లే చెప్పుకుందాం.

అసలు పేరు సల్మా బేగ్. 1944లో పుట్టింది. పదేళ్లు వచ్చేసరికి రాజ్ కపూర్ నిర్మించిన 'బూట్ పాలిష్'లో బేలూ అయింది. తల్లి పోయిన ఇద్దరు పిల్లలు, భోలా, బేలూ. పిన్ని వాళ్లచేత ముష్టెత్తిస్తుంది. పక్కనే ఉండే జాన్ చాచా మాత్రం కష్టపడి బతకమంటాడు. పైసా పైసా కూడబెట్టి, బ్రష్షూ పాలిషూ కొనుక్కుని బూట్లు తుడవడం మొదలుపెడతారు. ఇంతలో వానలు. వానల్లో బూట్లకి పాలిష్ ఎవరు చేయించుకుంటారు? ఆకలికి తట్టుకోలేక, ఎవరో విసిరిన నాణెం కోసం బేలూ చెయ్యి చాస్తుంది. అన్న చెంప ఛెళ్లుమనిపిస్తాడు. నాణెం జారిపోతుంది. చూసి తీరాల్సింది ఆ క్షణంలో నాజ్ మొహం. దెబ్బ తగిలినందుకు కాదు, అన్నం దూరమైనందుకు ఏడుస్తున్నట్టుంటుంది ఆ పిల్ల. పదేళ్లకి ఆ తేడా ఎవరు నేర్పారో!

1955లో కాన్ చిత్రోత్సవంలో ఆ నటనని ప్రత్యేకంగా ప్రస్తావించి గౌరవించారు. అదే ఏడాది బిమల్ రాయ్ 'దేవదాస్'లో చిన్ననాటి పార్వతి ఆమే. 1959లో గురుదత్ 'కాగజ్ కే ఫూల్'లో ఆయన కూతురు. 'బూట్ పాలిష్'లో అన్నగా వేసిన రతన్ కుమార్ కొన్నాళ్లకి కుటుంబంతో పాకిస్తాన్ వెళ్లిపోయాడు. ఈమె ఇక్కడే ఉండి, నటుడు సుబ్బిరాజ్‌ని పెళ్లాడింది.

పెద్దయ్యాక నాయిక వేషాలు పెద్దగా నిలవలేదు. చెల్లెలు, స్నేహితురాలు, ఇలాంటివే వచ్చాయి. 1970లో 'సచ్చా ఝూఠా'లో రాజేష్ ఖన్నాకి కాలు సరిగా లేని చెల్లెలు. అన్న పేరు భోలా, చెల్లి పేరు బేలూ! పదహారేళ్ల తర్వాత మళ్లీ అదే జంట పేర్లు, చెల్లెలు మళ్లీ నాజే. థియేటర్లో పాత ప్రేక్షకులు ఉలిక్కిపడే ఉంటారు.

ఆ తర్వాత డబ్బింగు. అంత పేరొచ్చిన పిల్ల చివరికి వేరొకరికి గొంతివ్వడమా అని జాలిపడేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. చీకటి గదిలో అదే బిట్టు మళ్లీ మళ్లీ తెరమీద తిరుగుతుంటే, ఎదుటి మనిషి పెదవులకి మాట అతికించాలి. మాటొక్కటేనా? ఊపిరి, నవ్వు, వెక్కిళ్లు, మాటకి ముందు ఆగే ఆ చిన్న తడబాటు కూడా. పైగా ఆ పెదవులు శ్రీదేవివి! ఆమె మాత్రం తక్కువ తిన్నదా? 'బడిపంతులు'లో ఎన్టీఆర్‌కి మనవరాలిగా మనందరి మనసూ దోచిన పిల్ల. తెరమీద ఒక బాలనటి, తెరవెనక ఇంకో బాలనటి. కెమెరా ముందు ఎప్పుడు ఆగాలో, ఎప్పుడు కళ్లెత్తాలో ఇద్దరికీ చిన్నప్పుడే తెలుసు. ఆ మాటలు అంత బాగా అతికాయంటే, అందుకేనని నా నమ్మకం.

మనకిది కొత్తేం కాదు. 1967లో 'భక్త ప్రహ్లాద'లో ఎస్వీ రంగారావు ఎదుట జంకకుండా నిలబడ్డ రోజారమణి, ఆ తర్వాత ఎంతమంది కథానాయికలకి గొంతయ్యిందో మీకు తెలుసు. మన నంది అవార్డుల్లో డబ్బింగు చెప్పినవాళ్లకీ చోటుండేది. బొంబాయిలో నాజ్‌కి ఆ మర్యాద దక్కలేదు. అది నాకు నిజంగా బాధ. 1989లో 'చాందినీ'కి శ్రీదేవి తన గొంతే వాడుకుంది. 1995లో నాజ్ పోయింది. యాభై ఒక్కేళ్లు. అదేం వయసండీ!

మీకు వీలైతే ముందు 'బూట్ పాలిష్' చూడండి. ఓ వారం పోయాక 'హిమ్మత్‌వాలా' పెట్టండి. బేలూ ఎక్కడైనా వినిపించిందేమో, నాకో ఉత్తరం ముక్క రాయండి.