నిమిషాలతో కొలిచే మాట

ఇరవై యేళ్ళకు పైగా ఢిల్లీలో అనువాదమే నాకు జీవనాధారం. చదివింది ఆంగ్ల సాహిత్యం. వ్రాసే వాటిలో తెలుగు చిత్రాల సబ్‌టైటిల్స్ కూడా ఉన్నాయి. వాటి ప్రతిఫలం నిడివిని బట్టి లెక్క. సామెత అయినా, తిట్టు అయినా, నిమిషం నిమిషమే.

ఒకప్పుడు ఈ నగరంలో తెలుగు సినిమా మా బోటి వలస కుటుంబాల ముచ్చట. ఇప్పుడు నోయిడాలో మా పొరుగింటి హిందీవారు "పుష్ప మూడో భాగం ఎప్పుడు?" అని నన్నే అడుగుతారు.

ఈ మార్పు వెనుక వ్యాపారం గమనించదగినది. పూర్వం చిత్రాన్ని నైజాం, సీడెడ్, ఆంధ్ర అంటూ ప్రాంతాల వారీగా అమ్మేవారు. ఆడినన్నాళ్ళు ఆడేది, అంతటితో కథ ముగిసేది. 'పుష్ప' మొదటి భాగం 2021 డిసెంబరు 17న విడుదలైంది. 21 రోజులకే దక్షిణాది భాషలలో ప్రైమ్ వీడియోకు, మరో వారానికి హిందీలోనూ వచ్చింది. హాలుకు వెళ్ళనివారూ ఇంట చూశారు. రెండవ భాగం ట్రైలరును 2024 నవంబరు 17న విడుదల చేసింది హైదరాబాదులో కాదు, పాట్నా గాంధీ మైదానంలో! డిసెంబరు 5న వచ్చిన ఆ చిత్రం నెట్‌ఫ్లిక్స్‌కు చేరింది 56 రోజుల తరువాత. మొదటి భాగం విత్తనం, ఇంటి తెర నారుమడి, రెండవ భాగం పంట. పంటవేళ హాలు ముందు, ఇల్లు తరువాత.

అయితే ఆ విత్తనాన్ని భాష పొలిమేర దాటించింది అనువాదం. హిందీ పుష్పరాజుకు గొంతు ఇచ్చిన శ్రేయస్ తల్పడే అందరికీ తెలుసు. ఆ గొంతుకు మాటలు కూర్చిన వారి పేరు ఎందరికి తెలుసు?

2012లో సవరించిన కాపీరైట్ చట్టం ప్రకారం, సినిమాలో చేరిన సాహిత్య, సంగీత రచనలను హాలులో కాక మరోచోట వినియోగిస్తే, వచ్చే రాయల్టీలో కర్తకు సమాన వాటా ఉంటుంది. ఆ హక్కును నిర్మాతకు వదులుకుంటూ సంతకం చేసినా చెల్లదు. ఇంటి తెర సినిమా హాలు కాదు, అనువాదమూ రచనే. కాని నాకు వచ్చే ఒప్పందాలలో ఒక్కసారి చెల్లింపు తప్ప మరో మాట ఉండదు.

అందుకే ఈమధ్య రెండు షరతులు అడుగుతున్నాను: తెరపై పేరు, ఇంటి తెర రాబడిలో వాటా. ఒకరు మౌనం వహించారు. మరొకరు పేరు వేస్తామన్నారు. వాటా సంగతి మళ్ళీ అడుగుతాను.